అమ్మానాన్నలతో ప్రాగ్, వియన్నా, బుడాపెస్ట్ కోచ్ టూర్ వెళ్ళాలనుకునే కొత్తవాళ్ళకి

ఫ్రాంక్‌ఫర్ట్ చుట్టుపక్కల కొత్తగా ఉద్యోగంలో చేరిన మనవాళ్ళు ఏప్రిల్ వచ్చిందంటే అడిగే మాట ఇదే, "అన్నా, అమ్మానాన్న మే చివర్లో వస్తున్నారు, నాకేమో వారానికి మించి లీవ్ లేదు, ఈ బస్ టూర్లు ఉంటాయంట కదా ప్రాగ్ వియన్నా బుడాపెస్ట్ అన్నీ కలిపి, ఏది బాగుంటుంది?" అని. ఒక్కొక్కరికీ ఫోన్లో చెప్పేకంటే ఒకచోట రాసిపెడితే మేలనిపించింది. నేను జర్మనీ వచ్చి 14 ఏళ్ళయింది, అమ్మానాన్నల్ని ఇలా రెండుసార్లు తీసుకెళ్ళాను, మొదటిసారి వాళ్ళని బాగా ఇబ్బంది పెట్టాను, ఆ బాధ నాకింకా పోలేదు, అందుకే కాస్త వివరంగా చెప్తున్నా.

ముందొక మాట. మీరు మీ ఆవిడ మాత్రమే వెళ్ళేటట్టయితే కోచ్ జోలికి పోకండి, రైలెక్కండి. ప్రాగ్ నుంచి వియన్నా నాలుగు గంటలు, అక్కడ్నుంచి బుడాపెస్ట్ రెండు గంటల నలభై నిమిషాలు, మధ్యలో బ్రాటిస్లావా చూడాలంటే వియన్నా నుంచి గంట ప్రయాణం, ముందే కొంటే టికెట్లు చవగ్గానే దొరుకుతాయి. కోచ్ ఎందుకంటే పెద్దవాళ్ళ కోసం. సూట్‌కేసులు మొయ్యక్కర్లేదు, ప్లాట్‌ఫాం మారిందని పరిగెత్తక్కర్లేదు, ఎక్కి కూర్చుంటే చాలు. ఆ సుఖం నిజమే, కాకపోతే అది దొరికేది టూర్ సరిగ్గా ఎంచుకుంటేనే.

2015లో నేను ఎంచుకున్నది ఎలా ఉందంటే, ఆరు రోజుల్లో ఐదు ఊళ్ళు, ప్రాగ్, వియన్నా, బ్రాటిస్లావా, బుడాపెస్ట్, సాల్జ్‌బర్గ్, మనిషికి 349 యూరోలు. ఇంత తక్కువకి ఇన్ని ఊళ్ళా అని సంబరపడి కట్టేశాను. తర్వాత కూర్చుని మ్యాప్‌లో లెక్కేస్తే ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి బయల్దేరి తిరిగొచ్చేదాకా రెండు వేల కిలోమీటర్ల పైమాటే, అంటే రోజుకి సగటున మూడొందల యాభై, చూసేది తక్కువ కూర్చునేది ఎక్కువ. మొదటి రోజు మధ్యాహ్నం దాటాక ప్రాగ్ చేరాం, రెండు గంటలు నడిపించారు, నలభై నిమిషాలు ఫ్రీ టైమ్ అన్నారు, నాన్నకి మోకాళ్ళ నొప్పి, ఆ రాళ్ళ రోడ్ల మీద నెమ్మదిగా నడిచి టాయిలెట్ వెతుక్కుని వచ్చేసరికి ఓల్డ్ టౌన్ గడియారం గంట కొట్టేసింది. 1410 నాటి గడియారం అది, గంట గంటకీ పైన చిన్న కిటికీలు తెరుచుకుని అపొస్తలుల బొమ్మలు ఒక్కొక్కటే వచ్చిపోతాయి, దానికోసమే ఆయన వారం నుంచి వీడియోలు చూస్తూ ఉన్నారు. ఏడింటికి హోటల్‌కి చేర్చారు, ఊరికి 35 కిలోమీటర్ల దూరంలో, హైవే పక్కన పెట్రోల్ బంకు వెనకాల. జూన్ నెల, తొమ్మిది దాటేదాకా వెలుతురే. నాన్న కిటికీ దగ్గర నిలబడి లారీలు చూస్తూ "ఆ చార్ల్స్ వంతెన మీద దీపాలు పెట్టే వేళకి మనం ఇక్కడికి వచ్చేశాం కదరా" అన్నారు. కోపంగా అన్లేదు, మామూలుగానే అన్నారు.

ఇలా ఎందుకవుతుందో తెలుసుకుంటే బ్రోచర్ చదివే పద్ధతే మారిపోతుంది. యూరోపియన్ యూనియన్‌లో బస్ డ్రైవర్ల పని గంటలకి గట్టి రూల్స్ ఉన్నాయి, నాలుగున్నర గంటలు నడిపాక 45 నిమిషాలు ఆపాలి, రోజుకి మామూలుగా తొమ్మిది గంటలే నడపాలి, వారంలో రెండ్రోజులు మాత్రం పది దాకా వెళ్ళొచ్చు, రాత్రికి పదకొండు గంటల విశ్రాంతి ఇవ్వాలి, మహా అయితే కొన్ని రోజులు తొమ్మిదికి తగ్గించొచ్చు, ఇదంతా బండిలో ఉండే టాకోగ్రాఫ్ అనే పరికరం రికార్డు చేస్తూనే ఉంటుంది. కాబట్టి పొద్దున ఆరున్నరకి మళ్ళీ బయల్దేరాలంటే సాయంత్రం ఏడున్నరకల్లా డ్రైవర్ బండి పక్కన పెట్టెయ్యాల్సిందే. హోటల్ ఊరి మధ్యలో ఉంటే డ్రైవర్ పడుకున్నా మీరు నడిచో ట్రామెక్కో తిరిగి రావొచ్చు, హోటల్ హైవే మీద ఉంటే మీ సాయంత్రం అక్కడితో సరి. చెప్పొద్దూ, ఈ పాత ఊళ్ళకి అందమంతా సాయంత్రమే, పగలు గ్రూపులు గొడుగులు జెండాలు పట్టుకుని తోసుకుంటూ ఉంటాయి, పొద్దుగూకాక ఊరు కాస్త ఊపిరి పీల్చుకుంటుంది. అందుకని ఎవరడిగినా నేను చెప్పేది, ఎన్ని ఊళ్ళు అని చూడకండి, ఊళ్ళో గడిపే సాయంత్రాలు ఎన్ని వస్తున్నాయో లెక్కపెట్టుకోండి. ఆ 349 యూరోల టూర్లో నాకు వచ్చినవి సున్నా.

మరి బ్రోచర్లో హోటల్ ఎక్కడుందో ఎలా పట్టుకోవాలి? జర్మన్ బ్రోచర్లో "రౌమ్ ప్రాగ్", "రౌమ్ వీన్" అని రాసుంటే అది ప్రాగ్, వియన్నా ఊళ్ళు కాదు, ఆ చుట్టుపక్కల ఎక్కడైనా కావచ్చు. ఇంగ్లీష్‌లో అయితే "ప్రాగ్ ఏరియా" అంటారు. హోటల్ పేరు రాసుంటే మ్యాప్‌లో కొట్టి దగ్గర్లో మెట్రో గానీ ట్రామ్ గానీ ఉందా చూడండి, పేరు లేకుండా "త్రీ స్టార్ లేదా దానికి సమానం" అని మాత్రమే ఉంటే మెయిల్ పెట్టి అడగండి, జవాబు రాతపూర్వకంగా ఇవ్వకపోతే ఆ టూర్ వదిలెయ్యండి. ఇంకో పదం "ష్టాట్‌రుండ్‌ఫార్ట్", అంటే బస్సులోంచే ఊరు చూపించడం. "ఫోటో స్టాప్" అంటే పది పదిహేను నిమిషాలు దింపుతారు. "ఫకుల్టాటివ్" అని ఎక్కడ కనిపించినా దానికి వేరే డబ్బులు కట్టాలి. వియన్నా షోన్‌బ్రున్ ప్యాలెస్ అని బోల్డ్‌లో రాసుంటుంది, 1,441 గదుల ప్యాలెస్ అని కూడా రాస్తారు, కానీ "ఐన్‌ట్రిట్ ఇంక్లూజివ్", అంటే ఎంట్రీ టికెట్ కలిపే అని లేకపోతే మీరు చూసేది తోట, గేటు మాత్రమే, లోపలికి వెళ్ళే టికెట్లు టైమ్ స్లాట్ ప్రకారం ఇస్తారు కాబట్టి సీజన్‌లో అప్పటికప్పుడు వెళ్తే దొరుకుతుందన్న నమ్మకం లేదు. బుడాపెస్ట్ పార్లమెంట్ కూడా అంతే, పైగా అక్కడ యూరోపియన్ పాస్‌పోర్ట్ లేనివాళ్ళకి టికెట్ రేటు ఎక్కువ, మనం ఎన్నేళ్ళు ఇక్కడ ఉన్నా పాస్‌పోర్ట్ ఇండియాదైతే ఎక్కువే కట్టాలి. ఎంట్రీలు, పడవ, రాత్రి భోజనాలు, సిటీ టాక్స్ అన్నీ కలుపుకుంటే నా 349 కాస్తా మనిషికి 560 అయింది.

కోచ్ ఎక్కడ దింపుతుందన్నది కూడా అడగాలి, ఇది చాలామందికి తట్టదు. పాతబస్తీల్లోకి పెద్ద బస్సుల్ని రానివ్వరు. సాల్జ్‌బర్గ్‌లో కోచ్‌లకి ముందే స్లాట్ బుక్ చేసుకోవాలి, టెర్మినల్లో దింపుతారు, అక్కణ్ణుంచి మిరబెల్ గార్డెన్ దాటి, నది దాటి, మోజార్ట్ పుట్టిన గెట్రైడెగాసె వీధికి నడవాలి. ప్రాగ్‌లో కోట గుట్ట మీద ఉంది, ముందు పైన దింపి కోట చూపించి కిందికి నడిపిస్తే పెద్దవాళ్ళు ఎలాగో వచ్చేస్తారు, కిందనుంచి ఎక్కిస్తే మాత్రం మోకాళ్ళు పట్టేస్తాయి. "కోటకి పైనుంచి కిందికా, కిందనుంచి పైకా?" అని అడిగి చూడండి, ఆ రూట్ తెలిసినవాళ్ళయితే వెంటనే చెప్తారు. అమ్మవాళ్ళకి చెప్పులు వద్దు, మందం అడుగున్న షూస్ కొనండి, ఇండియా నుంచి వచ్చిన మొదటి వారంలోనే కొనిస్తే అలవాటవుతాయి.

2018లో మళ్ళీ తీసుకెళ్ళినప్పుడు మూడే ఊళ్ళు, ఊరికి రెండేసి రాత్రులు, హోటళ్ళు ట్రామ్ స్టాప్ పక్కన. రేటు దాదాపు రెండింతలు. ప్రాగ్‌లో రెండో రోజు పొద్దున ఆరున్నరకే అమ్మని చార్ల్స్ బ్రిడ్జ్ మీదికి తీసుకెళ్ళాను, 1357లో మొదలుపెట్టి కట్టిన వంతెన, రెండు పక్కలా ముప్పై విగ్రహాలు, ఆ వేళప్పుడు మేము, చెత్త ఊడ్చే ఆయన, ఇంకో ఇద్దరు ముగ్గురే ఉన్నాం. నెపోముక్ అని ఒక సెయింట్ విగ్రహం ఉంటుంది, 1393లో ఆయన్ని నదిలో పడేసి చంపారు, కింద కంచు పలక మీద జనం చెయ్యి ఆనించి ఆనించి ఆ భాగం ఒక్కటే బంగారంలా మెరిసిపోతూ ఉంటుంది. నేను కథ చెప్పడం పూర్తి చెయ్యకముందే అమ్మ చెప్పులు విడిచి, పలక తాకి, ఆ చెయ్యి కళ్ళకద్దుకుంది. ఐదు నిమిషాలు అక్కడే నిలబడింది, ఎవరూ తొందరపెట్టలేదు. ఎక్కువ కట్టిన డబ్బులు దేనికి కట్టానో నాకు అప్పుడర్థమైంది.

గైడ్ సంగతి. ఆస్ట్రియాలో లైసెన్స్ ఉన్న లోకల్ గైడ్లే ఊరు చూపించాలి, మీతో బస్సులో వచ్చే టూర్ లీడర్ వేరు, కాబట్టి "లోకల్ గైడ్‌తో ఎన్ని గంటలు, ఏ భాషలో" అన్నది చూసుకోండి. జర్మన్ కంపెనీల చవక టూర్లలో భాష జర్మనే, మీకు బీ వన్ స్థాయి జర్మన్ వచ్చినా అమ్మానాన్నలకి రోజంతా మీరే అనువాదం చెప్పాలి, రెండో రోజుకి గొంతు పోతుంది. మన ఇండియన్ ఆపరేటర్ల టూర్లలో భాషకి, భోజనానికి ఇబ్బంది లేదు, కానీ రోజూ రాత్రి ఇండియన్ రెస్టారెంట్‌కి తీసుకెళ్ళి తీసుకురావడానికి గంటన్నర పోతుంది, అది కూడా ఆ సాయంత్రంలోంచే. అన్నం లేకపోతే ఉండలేరు అనుకుంటే అదే మంచిది, మొహమాటం లేదు. లేదంటే బ్రేక్‌ఫాస్ట్ మాత్రమే ఉన్న టూర్ తీసుకుని, చిన్న ఎలక్ట్రిక్ కెటిల్, పులిహోర పొడి, అటుకులు పెట్టుకోండి, చాలా హోటళ్ళలో రూమ్‌లో కెటిల్ ఉండదు. శాకాహారులైతే సూప్ అడిగే తీసుకోవాలి, కూరగాయల సూప్ అన్నా మాంసం ఉడికించిన నీళ్ళు పోసి ఉండొచ్చు. ప్రాగ్‌లో వేయించిన చీజ్ దొరుకుతుంది, బుడాపెస్ట్‌లో లాంగోష్ అని పెద్ద పూరీలాంటిది వేయించి వెల్లుల్లి రాసి ఇస్తారు, మా అమ్మ రెండు తిన్నది.

కాగితాల విషయంలో అశ్రద్ధ వద్దు. చెక్, ఆస్ట్రియా, స్లొవేకియా, హంగరీ, పోలండ్ అన్నీ షెంగెన్ (ఒకే వీసాతో తిరగగలిగే యూరప్ దేశాల కూటమి) లోపలే, క్రొయేషియా కూడా 2023 జనవరి నుంచి కలిసింది, కాబట్టి అమ్మానాన్నల జర్మన్ విజిట్ వీసా ఆ దేశాలన్నిటికీ సరిపోతుంది. అదే టూర్లో బెల్‌గ్రేడ్, మోస్టార్ లాంటివి ఉంటే షెంగెన్ దాటి మళ్ళీ లోపలికి రావాలి, సింగిల్ ఎంట్రీ వీసా అయితే చిక్కే. పాస్‌పోర్ట్ ఒరిజినల్స్, మీ రెసిడెన్స్ కార్డు చేతి సంచిలోనే ఉండాలి, 2024 సెప్టెంబర్ నుంచి జర్మనీ అన్ని భూసరిహద్దుల దగ్గరా చెకింగ్ పెట్టింది, కోచ్ ఆపి ఎక్కి చూస్తారు, అప్పుడు పెట్టె బస్సు కింద ఉందంటే కుదరదు. బీపీ, షుగర్ మందులు కూడా చేతి సంచిలోనే. చెక్‌లో కొరునా, హంగరీలో ఫోరింట్ నడుస్తాయి, కార్డ్ దాదాపు అన్నిచోట్లా పనిచేస్తుంది గానీ హైవే టాయిలెట్లకి యూరో నాణేలు ఒక గుప్పెడు ఉంచుకోండి.

డబ్బులు కట్టేముందు ఇంకో సంగతి. ఇక్కడ ఆన్‌లైన్‌లో ఏది కొన్నా 14 రోజుల్లో వెనక్కి ఇవ్వొచ్చు అని మనకి అలవాటైపోయింది కదా, ఆన్‌లైన్లో బుక్ చేసిన ప్యాకేజ్ టూర్‌కి ఆ హక్కు లేదు, క్లిక్ చేశాక మానుకుంటే క్యాన్సిలేషన్ ఛార్జీ పడుతుంది, తేదీ దగ్గరపడేకొద్దీ పెరుగుతుంది. వీసా చేతికి వచ్చాకే బుక్ చెయ్యండి. అడ్వాన్స్ కట్టేముందు "జిషెరుంగ్స్‌షైన్" అనే కాగితం ఇవ్వాలి, కంపెనీ దివాలా తీస్తే మీ డబ్బు వెనక్కి వచ్చే హామీ అది, అది ఇవ్వకుండా డబ్బులడిగితే కట్టొద్దు. తగినంతమంది చేరకపోతే టూర్ రద్దు చేసే హక్కు వాళ్ళకుంటుంది, ఆరు రోజులు మించిన టూర్ అయితే బయల్దేరడానికి 20 రోజుల ముందే చెప్పాలి, రెండు నుంచి ఆరు రోజులదైతే ఏడు రోజుల ముందు చెప్పినా చాలు, కనీసం ఎంతమంది కావాలో అడిగి పెట్టుకోండి. తేదీలు వేసుకునేటప్పుడు వారంలో ఏ రోజు ఏ ఊళ్ళో పడుతుందో కూడా చూడండి, ప్రాగ్ యూదుల మ్యూజియం శనివారం మూసేస్తారు, వియన్నాలో ఆదివారం షాపులుండవు.

చివరగా ఎక్కే చోటు. "ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి" అని రాసుంటుంది, మీరేమో మెయిన్ స్టేషన్ అనుకుంటారు, తీరా చూస్తే ఊరి బయట ఏదో పార్కింగ్, పొద్దున 4:40. ఆ టైమ్‌కి మీ ఊరి నుంచి ఎస్‌-బాన్ ఉందా అని ముందే చూసుకోండి, ఆదివారం అయితే ఇంకా జాగ్రత్త, లేకపోతే టాక్సీ ముందురోజే చెప్పిపెట్టుకోండి. మేము 2018లో ముందురోజు సాయంత్రమే వెళ్ళి ఆ పార్కింగ్ ఎక్కడుందో, కూర్చోడానికి బెంచీ ఉందో లేదో చూసొచ్చాం. ఉంది, నాన్న మర్నాడు అరగంట దానిమీదే కూర్చుని ఫ్లాస్కులో కాఫీ తాగారు.