కబ్జాలో ఉన్న స్థలానికి అసలు కొనుగోలుదారు పక్కనే ఉన్నాడు

ప్రశ్న: మాది హనుమకొండ. నాకు 61 ఏళ్లు. మా వారు 2005లో 200 గజాల స్థలం కొని రిజిస్టరు చేయించుకున్నారు. వీలునామా రాయకుండానే పోయారు. 2018 దసరాకు పక్క స్థలం ఆయన మాది కూడా కలుపుకొని ప్రహరీ కట్టేశాడు. రేకుల షెడ్డు వేసి గోడౌనుకు నెలకు 6 వేలకు అద్దెకిచ్చాడు. ఇప్పుడు అక్కడ గజం 15 వేలు. ఒక మధ్యవర్తి ఉన్నది ఉన్నట్టుగా 12 లక్షలకు అడుగుతున్నాడు. నా 9 లక్షల డిపాజిట్ తీసి కేసు వేయనా, ఆ మధ్యవర్తికే ఇచ్చేయనా?

జవాబు: అమ్మా, డిపాజిట్ కదిలించకండి. మధ్యవర్తికి మాట ఇవ్వకండి. మీ ఉత్తరంలో నేను ఎర్ర గీత గీసుకున్న మాట ‘2018 దసరా’.

ఎదుటివారు తమదేనన్నట్టు ఆక్రమించుకున్న నాటి నుంచి 12 ఏళ్లలోపు స్వాధీనం కోసం దావా వేయాలని కాలపరిమితి చట్టం చెబుతుంది. మీ లెక్కన 2030 దసరా. అది దాటితే స్థలం మీద మీ హక్కే పోతుంది. పెద్దమనుషుల్లో పెట్టినా, లాయరు నోటీసు ఇచ్చినా, పోలీసులకు ఫిర్యాదు చేసినా ఈ గడువు ఆగదు. కోర్టులో దావా పడాల్సిందే.

ఖర్చు మీరు భయపడుతున్నంత ఉండదు. 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వండి, లేదా 15100కు ఫోను చేయండి. లాయరుతో పాటు కోర్టు ఫీజు కూడా అడగవచ్చు. సొంతంగా లాయరును పెట్టుకుంటే ‘గెలిస్తే మూడో వంతు’ అనే బేరానికి ఒప్పుకోకండి, బార్ కౌన్సిల్ నిబంధనలే దాన్ని ఒప్పుకోవు. చవకలో పోతుందని ఇంజంక్షన్ దావా (స్థలం జోలికి రాకుండా ఎదుటివారిని ఆపమని అడిగేది) ఒక్కటే వేయించుకోవద్దు. స్థలం మీ చేతిలో లేదు కాబట్టి స్వాధీనం అడగాలి, మీ హక్కునే కాదంటే హక్కు ప్రకటన కూడా అడగాలి. సుప్రీంకోర్టు 2008లో ఈ తేడాను విడమరిచి చెప్పింది మీ ఊరి నక్కలగుట్ట స్థలాల కేసులోనే.

ఇక బేరం. 12 లక్షలు ఏడు శాతం వడ్డీతో పదేళ్లలో 24 లక్షలకు దగ్గరవుతాయి కాబట్టి అది మరీ తీసిపారేసే ధర కాదు. కానీ ఆ మధ్యవర్తి కొని ఏం చేస్తాడు? నా అనుమానం, గోడ అవతలి ఆయనకే అమ్ముతాడు. ఆ స్థలం అందరికన్నా ఎక్కువ అవసరం ఆయనకే. షెడ్డు ఆయనది, అద్దె ఆయనది. దావా పడ్డాక దాన్ని ఎవరికి అమ్మినా కొన్నవారు తీర్పుకు కట్టుబడాల్సిందే. పైగా గడచిన మూడేళ్లు ఆయన మీ స్థలాన్ని వాడుకున్నందుకు పరిహారం కూడా మీరు అడగవచ్చు. ఆ అద్దె లెక్కనే 2,16,000 రూపాయలు. ఈ రోజు రాజీకి పిలిస్తే ఆయన నవ్వి ఊరుకుంటాడు, కాలం ఆయన వైపే నడుస్తోంది మరి. సమన్లు అందాక మాట మారుతుంది. అప్పుడు లోక్ అదాలత్‌కు పంపమని అడగండి. అక్కడ కుదిరిన రాజీ కోర్టు డిక్రీతో, అంటే తీర్పు ఉత్తర్వుతో సమానం, దాని మీద అప్పీలు లేదు, కోర్టు ఫీజు కట్టి ఉంటే వెనక్కి వస్తుంది. పిల్లలూ వారసులే కాబట్టి వాళ్ల సంతకాలు తప్పవు.

నేనైతే 20 లక్షల దగ్గర సంతకం పెడతాను. 30 లక్షల స్థలం కదా అని పిల్లలు అనవచ్చు. డిక్రీ వచ్చాక అప్పీలు, ఆ తర్వాత ఈపీ (డిక్రీ అమలు చేయమని వేసే పిటిషన్), చివరికి కోర్టు అమీనా వచ్చి స్వాధీనం ఇప్పించేదాకా తిరగాల్సింది మీరే. అమ్మితే వచ్చే లాభం మీద మూలధన లాభాల పన్ను 12.5 శాతం ఉంటుంది. మీ వారు 2005లో కొన్న ధరే మీ కొనుగోలు ధర అవుతుంది. రాజీ కుదిరేదాకా మీ ఆస్తుల లెక్కలో ఈ స్థలం విలువ సున్నా అని రాసుకోండి.

ఈ వారంలో ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ లావాదేవీల పత్రం), దస్తావేజు సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. షెడ్డుకు కరెంటు మీటరు ఏ తేదీన పెట్టారో కూడా కనుక్కోండి. 2018 అన్నది మీ జ్ఞాపకం. కోర్టులో ఆయన 2015 అనవచ్చు.