చీకటి దొరకని స్టేజీకి రాయడం

అల్లుడూ,

నీ నాటిక రెండుసార్లు చదివాను. ప్రయోగం బాగానే ఉంది గానీ తొమ్మిది చోట్ల ‘లైట్లు ఆరును’ అని రాశావు. చిక్కంతా అక్కడే. విజయనగరం ఆనందగజపతి ఆడిటోరియంలో ఆర్పితే చీకటి పడుతుంది. అదే నాటిక ఊళ్లో అమ్మవారి పండక్కి వేస్తే వీధిదీపం ఆరదు, జీళ్ల కొట్టు బల్బు ఆరదు, జనం చేతుల్లో ఫోన్లు ఆరవు. చీకటనుకుని నీ నటుడు కుర్చీ మోసుకుపోతుంటే కుర్రాళ్లు ఈలేస్తారు.

కాలం మారిందని చీకటితో కాదు, చప్పుడుతో చెప్పు. మన జముకుల కథలో వాయించే జముకు ఉందిగా, దాని తీగ లాగి పట్టుకుంటే నాదం పైకి లేస్తుంది, సడలిస్తే కిందికి జారుతుంది. ఆ జారుడు మీద ఇరవై ఏళ్లు వెనక్కి వెళ్లొచ్చు. మొదటిసారి మాత్రం ఎవరికైనా అర్థమయ్యే చోట వాడు: ముసలాయన కర్ర పక్కన పెట్టి, నడుం నిలబెట్టి, పెళ్లికొడుకులా నడవాలి. అది పట్టుబడ్డాక రెండోసారి కర్ర అక్కర్లేదు. ఇలాంటి గుర్తులు నాటిక మొత్తానికి రెండు చాలు, మూడోది పెడితే జనం లెక్క తప్పుతారు.

రాశాక నలుగురిని కూర్చోబెట్టి, ఫోన్‌లో టైం పెట్టి చదివించు. పోటీ పెట్టే నాటక పరిషత్తు గంట ఇస్తే చదువు 45 నిమిషాల్లో అయిపోవాలి. నడకలూ నవ్వులూ మౌనాలూ మిగతాది మింగేస్తాయి. ఒకే వాక్యం దగ్గర ఇద్దరు తడబడితే తప్పు వాక్యానిది. పాత్రలు నలుగురికి మించనీకు. ఉద్యోగాలు చేసుకునేవాళ్లు రాత్రి ఏడు దాటితే గాని రిహార్సల్‌కి రారు. ఆరుగురైతే ఎవరో ఒకరు రాని రోజులే ఎక్కువ. గుసగుసల సీను తీసెయ్. వేలాడే మైకుకి గుసగుస అందదు, పాదాల చప్పుడు అందుతుంది.

యాస సంగతి. ‘ఏటి సేత్తన్నావు’ అని ప్రతి మాటా వంకర తిప్పి రాస్తే నటుడు కూడబలుక్కుని చదువుతాడు. క్రియలూ ప్రశ్నలూ మన పలుకులో ఉంచు, మిగతాది వాడి నోరే చూసుకుంటుంది. యాసంతా పనిమనిషికే ఇచ్చి, కలెక్టరు చేత పుస్తకభాష మాట్లాడించావు. సినిమావాళ్ల అలవాటు నీకెందుకు?

ఒక్క ప్రదర్శనతో రాతప్రతి మూసెయ్యకు, తిరగరాస్తూ ఉండు. ‘కన్యాశుల్కం’ విజయనగరంలో ఆడింది 1892లో, అచ్చయింది 1897లో. ఇప్పుడు మనం చదివేది 1909 నాటి ప్రతి, గురజాడ పెంచి తిరగరాసింది.

సినిమా గురించి అడిగావు. అక్కడ ముందు అడిగేది వన్‌లైన్ ఆర్డర్: డెబ్బై సీన్లకు అటూ ఇటూ, సీనుకి రెండు మూడు వాక్యాలు, డైలాగు లేకుండా. నాటకం రాసే చెయ్యి ఇక్కడే తడబడుతుంది, ఎందుకంటే స్టేజీ మీద మాట చెప్పేది తెర మీద చూపు చెప్పేస్తుంది. నీ మూడో రంగంలో తల్లి నాలుగు నిమిషాలు ఏకరువు పెట్టింది. తెర మీద ఆమె రెండో కంచం కడిగి బోర్లిస్తే సరిపోతుంది. సిట్టింగ్స్‌కి, అంటే సినిమావాళ్లతో కథ చర్చలకి, వెళ్లేముందు కథ తేదీతో నీకే మెయిల్ చేసుకో. హక్కులిచ్చేటప్పుడు ఎన్నేళ్లకో కాగితంలో రాయించు. గడువు రాయకపోతే చట్టం దాన్ని 5 ఏళ్లుగా లెక్కేస్తుంది.

సవరించిన రాతప్రతిని కాగితానికి ఒకవైపే రాసి, ఎడమ పక్క మూడు వేళ్ల ఖాళీ వదిలి పంపు. నా రాత అక్కడ పట్టాలి.

మావయ్య