జూలైలో మెల్‌బోర్న్ వెళ్తున్నాను, అక్కడి చలికి ఒక స్వెట్టర్ సరిపోతుందా? అసలు ఒక్కో దేశంలో చలికాలం ఒక్కోలా ఎందుకుంటుంది?

హైదరాబాద్ నుంచి వస్తున్న మీ లెక్క నాకు అర్థమైంది. మెల్‌బోర్న్‌లో జూలైలో రాత్రిపూట 6, 7 డిగ్రీలు, పగలు 13, 14. ఊళ్లో స్నో పడదు. "ఈమాత్రం చలి మన ఆదిలాబాద్‌లో లేదా ఏంటి?" అనిపిస్తుంది. నేను ఆదిలాబాద్ దగ్గరే పుట్టి పెరిగాను. పెళ్లయ్యాక చాలా ఏళ్లు అమెరికాలోని మినియాపొలిస్‌లో ఉన్నాం, ఇప్పుడు మెల్‌బోర్న్‌లో ఉంటున్నాం. ఈ మూడింటిలో నేను గడగడా వణికింది మైనస్ 25 చూసిన మినియాపొలిస్‌లో కాదు, మెల్‌బోర్న్‌లో. అదీ రోడ్డు మీద కాదు, మా ఇంటి హాల్లో, సోఫా మీద కూర్చుని.

ముందు రెండో ప్రశ్న సంగతి చూద్దాం. చలికాలంలో సూర్యుడు మనకు దూరంగా వెళ్తాడని చాలామంది అనుకుంటారు. నిజానికి భూమి సూర్యుడికి బాగా దగ్గరగా ఉండేది జనవరి మొదటి వారంలో, సుమారు 14.7 కోట్ల కిలోమీటర్లు. జూలై మొదట్లో ఆ దూరం 15.2 కోట్లకు పెరుగుతుంది. అంటే మనం గొంగడి కప్పుకుని కూర్చునే రోజుల్లోనే సూర్యుడు దగ్గర. కారణమంతా భూమి అక్షం 23.5 డిగ్రీలు ఒరిగి ఉండటం. ఉత్తరం సగం సూర్యుడి వైపు వాలి ఉన్నప్పుడు దక్షిణం సగం అవతలికి వాలి ఉంటుంది. అవతలికి వాలిన వైపు ఎండ ఏటవాలుగా పడుతుంది, పగళ్లు కుదించుకుపోతాయి. అందుకే మనకు వానాకాలం మొదలయ్యే జూన్‌లో ఆస్ట్రేలియాకు చలికాలం మొదలవుతుంది.

ఎంత ఉత్తరానికి గానీ దక్షిణానికి గానీ వెళ్తే పగటి కోత అంత ఎక్కువ. హైదరాబాద్‌లో ఏడాది మొత్తంలో అతి చిన్న పగలు కూడా 11 గంటల పైనే ఉంటుంది. మెల్‌బోర్న్‌లో జూన్ 21 ప్రాంతంలో తొమ్మిదిన్నర గంటలు. మినియాపొలిస్‌లో డిసెంబర్‌లో 9 గంటలు కూడా ఉండదు, సాయంత్రం నాలుగున్నరకే దీపాలు పెట్టుకోవాలి. ఫిన్లాండ్ రాజధాని హెల్సింకీలో అయితే 6 గంటల లోపే. అక్కడికి కొత్తగా వెళ్లిన మనవాళ్లు చలి కంటే ఆ చీకటి గురించే ఎక్కువ గోల పెడతారు.

ఇంకో సంగతి. పగలు బాగా చిన్నదైన రోజే చలి బాగా ముదరదు. మధ్యాహ్నం 12కి సూర్యుడు నడినెత్తి మీద ఉన్నా ఎండ మాడ్చేది రెండు మూడు గంటలకు కదా, ఇదీ అదే లెక్క. నేల, నీళ్లు దాచుకున్న వేడి పోవడానికి టైమ్ పడుతుంది. కశ్మీరీలు దీన్ని ఎప్పుడో పట్టేశారు. డిసెంబర్ 21న మొదలయ్యే 40 రోజుల గడ్డు చలిని చిల్లై కలాన్ అంటారు, ఆ తర్వాతి 20 రోజులు చిల్లై ఖుర్ద్, చివరి 10 రోజులు చిల్లై బచ్చా.

అక్షాంశం ఒక్కటే చూస్తే మాత్రం బోల్తా పడతాం. లండన్, కెనడాలోని కాల్గరీ దాదాపు ఒకే అక్షాంశం మీద ఉన్నాయి, 51 డిగ్రీల దగ్గర. లండన్‌లో జనవరిలో మామూలుగా వాన ముసురు, కాల్గరీలో చలి ముదిరిన రోజుల్లో మైనస్ 20లు. లండన్ మీదికి అట్లాంటిక్ సముద్రం మీదుగా వెచ్చటి తేమ గాలి వీస్తుంది, కాల్గరీకి సముద్రపు గాలిని రాకీ పర్వతాలు అడ్డుకుంటాయి. నీళ్లు నెమ్మదిగా వేడెక్కి నెమ్మదిగా చల్లారతాయి, నేల త్వరగా కాలి త్వరగా చల్లారుతుంది. దక్షిణార్ధగోళంలో సముద్రం ఎక్కువ కాబట్టి అక్కడి చలికాలాలు మొత్తం మీద మెత్తన. సైబీరియాలోని ఒయ్మ్యకోన్ లాంటి చోట్ల సముద్రం ప్రభావమే ఉండదు, 1933లో అక్కడ మైనస్ 67.7 నమోదైంది.

కొండల సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే మనం హిమాలయాలకు ఎంత రుణపడి ఉన్నామో డాలస్‌లో ఉన్న మా పిన్ని కూతుర్ని అడిగితే తెలుస్తుంది. డాలస్, మన జమ్మూ రెండూ ఇంచుమించు ఒకే అక్షాంశం మీద ఉంటాయి. సైబీరియా గాలి జమ్మూ మీదికి దూకకుండా వెనకాల హిమాలయాలున్నాయి. డాలస్‌కు ఉత్తరాన కెనడా దాకా అంతా చదును నేల, అడ్డే లేదు. 2021 ఫిబ్రవరి 16న డాలస్‌లో మైనస్ 19 డిగ్రీలు పడింది. టెక్సాస్ అంతటా కరెంటు కుప్పకూలింది, లక్షల ఇళ్లు రోజుల తరబడి చీకట్లో ఉన్నాయి. అక్కడి ఇళ్లలో చాలావాటికి హీటింగ్ కరెంటు మీదే నడుస్తుంది. మా చెల్లి వాళ్లు పిల్లలతో సహా ఒకే గదిలో రజాయిలు కప్పుకుని పడుకున్నారు. అటకలో పైపు పగిలి నీళ్లు సీలింగ్‌లోంచి కారి కార్పెట్ మొత్తం తడిసిపోయింది. ఆ మైనస్ 19 మినియాపొలిస్‌లో జనవరిలో మామూలే, పిల్లలు స్కూలు బస్సు ఎక్కి వెళ్లిపోతారు.

ఇక మినియాపొలిస్. అక్కడి చలి గురించి బయటివాళ్లు ఊహించుకునేది ఒకటి, ఉండేది ఒకటి. స్నో పడే రోజు గడ్డకట్టే చలి ఉంటుందనుకుంటారు. అసలు స్నో ఎక్కువగా పడేది సున్నాకు అటూ ఇటూ ఉన్నప్పుడు, అది కాస్త ఓర్చుకోదగిన రోజే. మరీ చల్లటి గాలిలో తేమ నిలవదు, అందుకే ఆకాశం నీలంగా, ఎండ కళ్లు చెదిరేలా ఉన్న రోజే మహా ప్రమాదం. తలుపు తీసి ఒక్క ఊపిరి పీలిస్తే ముక్కులో వెంట్రుకలు గడ్డకట్టి ఒకదానికొకటి అంటుకుంటాయి. రాత్రంతా బయట పెట్టిన కారు స్టార్ట్ చేస్తే మూలుగుతుంది, టైర్లు నేలకు ఆనిన చోట చదునై కాసేపు దడదడమంటూ నడుస్తాయి. రోడ్ల మీద చల్లే మామూలు ఉప్పు కూడా మైనస్ 10 కిందికి పోతే పెద్దగా పనిచేయదు.

2019 జనవరి 30న అక్కడ మైనస్ 33 పడింది. గాలి తోడైతే ఒంటికి తెలిసేది ఇంకా చాలా తక్కువ. పోస్టల్ శాఖ ఆ రోజు ఉత్తరాల బట్వాడా కూడా ఆపేసింది. ఆ చలిలో గ్లౌజు తీసి ఫోన్ చూసుకుంటూ నిలబడితే కొద్ది నిమిషాల్లో వేళ్లు దెబ్బతింటాయి. ఆ రోజే మా అమ్మ ఫోన్ చేసి, "ఇక్కడ చలి మస్తు పెడుతుంది బిడ్డా, పొద్దుగాల మంచం దిగబుద్ధి కాదు. అక్కడ ఎట్లుంది?" అంది. నేను ఇంట్లో పొట్టి చేతుల చొక్కాతో ఉప్మా కలుపుతున్నాను. వెటకారం కాదు, నిజంగానే అమ్మకే ఎక్కువ చలి.

ఎందుకంటే ఆ ఊరు మొత్తం చలి కోసమే కట్టినట్టు ఉంటుంది. గోడల నిండా వేడిని బయటికి పోనివ్వని ఇన్సులేషన్, కిటికీలకు రెండేసి అద్దాలు, ఇల్లంతా తిరిగే వేడి గాలి. డౌన్‌టౌన్‌లో భవనం నుంచి భవనానికి రెండో అంతస్తులో అద్దాల వంతెనలు ఉంటాయి, స్కైవే అంటారు, మొత్తం సుమారు 15 కిలోమీటర్లు. కోటు లేకుండా ఆఫీసు నుంచి భోజనానికి వెళ్లి రావచ్చు. చెరువులు గడ్డకట్టాక జనం వాటి మీద చిన్న గుడిసెలు పెట్టుకుని, మంచుకు బొక్క చేసి చేపలు పడతారు. నీళ్లు 4 డిగ్రీల దగ్గర అన్నిటికంటే బరువు, కాబట్టి అంతకంటే చల్లబడిన నీరు పైనే ఉండి గడ్డకడుతుంది, అడుగున చేపలు నిక్షేపంగా బతుకుతాయి. చెరువు మీద నడవాలంటే గట్టి మంచు కనీసం 4 అంగుళాలు ఉండాలని అక్కడి అధికారులు చెప్తారు. మా ఆయన అది విన్నాక కూడా ఒడ్డునే నిలబడ్డారు, అది వేరే సంగతి.

అక్కడ అసలు బాధ పొడిదనం. మైనస్ 20లో ఉన్న గాలిలో తేమ నామమాత్రం. దాన్నే ఇంట్లోకి తెచ్చి 20 డిగ్రీలకు వేడి చేస్తే ఎడారి గాలిని మించి ఎండిపోతుంది. పెదాలు పగలడం, పిల్లలకు ముక్కులోంచి రక్తం, తలుపు పిడి ముట్టుకుంటే చురుక్కుమని షాక్. గాలికి తేమ పట్టించే హ్యుమిడిఫైయర్‌లో రోజూ నీళ్లు పోయడం ఒక డ్యూటీ. పెరుగు తోడుకోదు, దోసెల పిండి పొంగదు. ఓవెన్‌లో లైటు మాత్రం వేసి గిన్నె లోపల పెట్టి పొద్దున దాకా వదిలేస్తే పని అవుతుంది, అక్కడున్న తెలుగువాళ్లంతా చేసేది అదే.

ఇప్పుడు మెల్‌బోర్న్. ఇక్కడి పాత ఇళ్లు వేసవిని తలుచుకుంటూ కట్టినవి. కిటికీకి ఒకటే అద్దం, తలుపు కింద వేలు దూరేంత సందు, చెక్క నేల కిందినుంచి గాలి. మేం మొదట అద్దెకున్న ఇంట్లో జూలై పొద్దున్నే వంటింట్లో 11 డిగ్రీలు ఉండేది. కిటికీ అద్దాలకు లోపలివైపు నీళ్లు కారేవి, రోజూ బట్టతో తుడిచినా బాత్రూమ్ సీలింగ్ మూలల్లో నల్లటి బూజు. ఉతికిన జీన్స్ మూడు రోజులకు గానీ ఆరదు. బయట 8 డిగ్రీలంటే నడుస్తూ ఉంటే ఒళ్లు వెచ్చబడుతుంది, ఇంట్లో 13లో గంటల తరబడి కూర్చుంటే చలి ఎముకల్లోకి దిగుతుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ చలికాలంలో ఇంటి లోపల 18 డిగ్రీలైనా ఉండాలని చెప్పింది. 2015లో లాన్సెట్ అనే వైద్య పత్రికలో పలు దేశాల మీద ఒక అధ్యయనం వచ్చింది. మొత్తం మరణాల్లో చలి వల్ల సంభవించేవాటి వాటా స్వీడన్‌లో కంటే ఆస్ట్రేలియాలోనే ఎక్కువని అందులో తేలింది. ఇక్కడికి రాకముందు చెప్తే నేనూ నమ్మేదాన్ని కాదేమో.

మన దగ్గర కూడా ఇదే కథ. మైదానాల్లో కనిష్ఠ ఉష్ణోగ్రత 10 లేదా అంతకంటే కిందికి దిగి, మామూలు కంటే కనీసం 4.5 డిగ్రీలు తక్కువుంటే వాతావరణ శాఖ శీతల గాలులు అంటుంది. తీర ప్రాంతాల్లో 15 డిగ్రీలకే ఆ మాట వాడొచ్చు. మినియాపొలిస్ వాళ్లు వింటే నవ్వుతారు గానీ, రేకుల ఇంట్లో ఒకే దుప్పటితో ఉన్న ముసలాయనకు ఆ 10 డిగ్రీల చలి ఏం తక్కువ? మా ఆదిలాబాద్ సముద్రానికి దూరం, చలికాలంలో ఆకాశంలో మబ్బుండదు, గాలిలో తేమ ఉండదు. పగలంతా కాగిన నేల రాత్రికి ఉన్న వేడంతా వదిలేస్తుంది. అందుకే మధ్యాహ్నం చొక్కా విప్పాలనిపించి, తెల్లవారుజామున నెగడు చుట్టూ చేరాలనిపిస్తుంది. విశాఖలో సముద్రం ఆ పని జరగనివ్వదు, అక్కడికి కొన్ని గంటల దూరంలో వెయ్యి మీటర్ల ఎత్తునున్న లంబసింగిలో మాత్రం సున్నా దగ్గరికి దిగిన రోజులున్నాయి. నెల్లూరు వాళ్లను అడిగితే నవంబర్ అంటే చలి ఊసే ఎత్తరు, వాయుగుండాలు, వానలు అంటారు. ఈశాన్య రుతుపవనాలు వాళ్లకు కుమ్మరించేది అప్పుడే.

కువైట్‌లో ఉన్న మా బావకైతే చలికాలం ఏడాదిలో అన్నిటికంటే మంచి రోజులు. అక్కడ జూన్ నుంచి ఆగస్టు దాకా పగలు 11 నుంచి 4 వరకు ఎండలో బయటి పని చేయించడమే నిషేధం. డిసెంబర్ వచ్చిందంటే జనం ఎడారిలో డేరాలు వేసుకుని మంటల చుట్టూ కూర్చుంటారు. బావ కూడా శుక్రవారం వచ్చిందంటే రూమ్‌లో ఉండడు.

ఇక మీ స్వెట్టర్. ఒకటి సరిపోదు, అలాగని ఈకలు కూరిన కొండంత డౌన్ జాకెట్ కూడా వద్దు. మెల్‌బోర్న్‌లో గాలి, సన్నటి వాన కలిసి వస్తాయి కాబట్టి పైన నీళ్లు ఆపే పల్చటి జాకెట్ ఉండాలి. లోపల వేసుకునే థర్మల్స్, ఇంట్లోకి మందపాటి సాక్సులు, చెప్పులు ఇండియాలోనే కొనుక్కోండి. బట్టల కంటే ఇల్లు వెతకడం మీద టైమ్ పెట్టండి. ఉత్తరం వైపు కిటికీలున్న హాల్ దొరికితే వదలొద్దు, దక్షిణార్ధగోళంలో చలికాలపు ఎండ వచ్చేది అటునుంచే. మెల్‌బోర్న్ ఉన్న విక్టోరియా రాష్ట్రంలో 2021 నుంచి అద్దె ఇంటి ప్రధాన హాల్లో గోడకో నేలకో బిగించిన హీటర్ పనిచేసే స్థితిలో ఉండి తీరాలి. ఇల్లు చూడ్డానికి వెళ్లినప్పుడు దాన్ని ఆన్ చేసి చూపించమనండి, మొహమాటపడకండి. బెడ్‌రూమ్‌కి ఆ నిబంధన వర్తించదు కాబట్టి మంచం మీద పరిచే ఎలక్ట్రిక్ బ్లాంకెట్ ఒకటి కావాలి. అది మాత్రం ఇక్కడికి వచ్చాకే కొనండి, ఇండియా ప్లగ్గు ఇక్కడి సాకెట్‌లో పట్టదు.