హెచ్‌డీఎంఐ ల్యాప్‌టాప్, డిస్‌ప్లేపోర్ట్ మానిటర్: "నో సిగ్నల్" ఎందుకు వస్తోంది?

మానిటర్‌కున్న ఒక్క హెచ్‌డీఎంఐ పోర్టుకి సెట్‌టాప్ బాక్స్ పెట్టేశాను, ల్యాప్‌టాప్ కోసం ఒక కొస హెచ్‌డీఎంఐ, రెండో కొస డిస్‌ప్లేపోర్ట్ ఉన్న కేబుల్ కొన్నాను, రెండూ సరిగ్గానే పట్టాయి కానీ "నో సిగ్నల్" వస్తోంది అని అడిగారు. బహుశా కేబుల్‌ పాడవలేదు. ఆ రకం చౌక కేబుళ్లు ఎక్కువగా ఒక వైపు నుంచే, అంటే కంప్యూటర్ డిస్‌ప్లేపోర్ట్ నుంచి మానిటర్ హెచ్‌డీఎంఐకే పనిచేస్తాయి.

కంప్యూటర్‌కున్న డిస్‌ప్లేపోర్ట్ చాలావరకు హెచ్‌డీఎంఐ సిగ్నల్‌ని కూడా పంపగలదు. పోర్టు పక్కన డీపీ అక్షరాల తర్వాత రెండు ప్లస్ గుర్తులుంటే అదే అర్థం. మానిటర్‌కున్న డిస్‌ప్లేపోర్ట్ మాత్రం హెచ్‌డీఎంఐ సిగ్నల్‌ని తీసుకోలేదు. మీకు కావాల్సింది "హెచ్‌డీఎంఐ టు డిస్‌ప్లేపోర్ట్" యాక్టివ్ కన్వర్టర్, అంటే సిగ్నల్‌ని తనే మార్చి పంపేది. దానికి కరెంటు కోసం యూఎస్‌బీ తోక ఒకటి వేలాడుతుంటుంది. నన్నడిగితే అంత ఖర్చు దండగ. రెండు ఇన్‌పుట్‌ల హెచ్‌డీఎంఐ స్విచ్ కొని, సెట్‌టాప్ బాక్స్, ల్యాప్‌టాప్ రెండూ దానికే పెట్టండి. మానిటర్ ఫోర్‌కే అయితే స్విచ్ మీద 60 హెర్ట్జ్ (సెకనుకి 60 సార్లు బొమ్మ మారడం) అని ఉందో లేదో చూడండి. హెచ్‌డీఎంఐ 1.4 రకమైతే ఫోర్‌కేలో 30 దగ్గరే ఆగిపోతుంది, మౌస్ కదిలిస్తే బాణం గెంతుతున్నట్టుంటుంది.

మా ఇంట్లో పాత డెస్క్‌టాప్‌కి ఉన్నది వీజీఏ ఒక్కటే, 1987లో ఐబీఎం తెచ్చిన 15 పిన్నుల నీలం కనెక్టర్. అది అనలాగ్, అంటే హెచ్‌డీఎంఐలా డిజిటల్ సిగ్నల్ కాదు. కొత్త మానిటర్‌కి కలపడానికి చిన్న కన్వర్టర్ డబ్బా వాడుతున్నాను. వీజీఏలో సౌండ్ రాదు కాబట్టి స్పీకర్ పిన్ను కూడా విడిగా ఆ డబ్బాకే పెట్టాలి. అక్షరాలు కాస్త మసకగానే ఉంటాయి, పిల్లల టైపింగ్‌కి చాలు.

ఆఫీసు ల్యాప్‌టాప్‌తో వచ్చిన తలనొప్పి వేరు. టైప్-సి పోర్టులు రెండున్నా వీడియో ఒక్కదాంట్లోనే వస్తుంది. ఆ పోర్టు పక్కన మెరుపు గుర్తో, డీపీ గుర్తో ఉందేమో చూడండి. ఫోన్ చార్జర్‌తో వచ్చే టైప్-సి కేబుల్ చాలాసార్లు చార్జింగ్‌కి, ఫైళ్లకే తప్ప వీడియోకి పనికిరాదు. మీ ల్యాప్‌టాప్‌కి అలాంటి పోర్టుంటే స్విచ్ కూడా అక్కర్లేదు, టైప్-సి నుంచి డిస్‌ప్లేపోర్ట్ కేబుల్ నేరుగా పెట్టేయొచ్చు.

ఇంకొకటి, డిస్‌ప్లేపోర్ట్ కేబుల్ తీసేటప్పుడు పైన బటన్ ఉంటే నొక్కి లాగండి. లోపల కొక్కేలుంటాయి, ఊరికే గుంజితే పోర్టే ఊడొస్తుంది.