భుజం నొప్పికి రెండు చీటీల్లో రెండు కోడ్‌లు.. జబ్బు ముదిరినట్టా?

ప్రశ్న: నా వయసు 54. ఎనిమిదేళ్లుగా షుగర్ ఉంది. ఐదు నెలల నుంచి ఎడమ భుజం నొప్పి. జడ వేసుకోలేకపోతున్నాను, రాత్రి ఆ పక్కకు తిరిగి పడుకోలేను. మొదట చూసిన డాక్టర్ ఓపీ చీటీ మీద ‘ఎం25.5’ అని ఉంది. నెల తర్వాత వేరే ఆసుపత్రిలో ‘ఎం75.0’ అని రాశారు. అమెరికాలో ఉంటున్న మా అబ్బాయి అక్కడైతే ‘ఎం75.02’ అని రాస్తారంటున్నాడు. నంబరు పెరిగిందంటే జబ్బు ముదిరినట్టా? మత్తు ఇచ్చి భుజం కదిలిస్తామంటున్నారు. ఇన్సూరెన్స్ తీసుకుని ఏడాదే అయింది. కింద పడ్డానని రాయించుకుంటే క్లెయిమ్ వస్తుందని తెలిసినవాళ్లు చెబుతున్నారు. ఏం చేయమంటారు? - ఒక పాఠకురాలు, ఖమ్మం

జవాబు: ముందు ఆ టెన్షన్ వదిలేయండి. నంబరుకూ జబ్బు తీవ్రతకూ సంబంధం లేదు. అవి ప్రపంచ ఆరోగ్య సంస్థ చేసిన జబ్బుల వర్గీకరణ, ఐసీడీ-10లోని కోడ్‌లు. ‘ఎం’ అంటే ఎముకలు, కీళ్లు, కండరాల జబ్బులు. అందులో 25.5 అంటే కీలు నొప్పి, అంతే. నొప్పి లక్షణమే గానీ జబ్బు పేరు కాదు. 75 కింద భుజం జబ్బులు వస్తాయి: 75.0 ఫ్రోజెన్ షోల్డర్, అంటే భుజం బిగుసుకుపోవడం. 75.1 భుజాన్ని తిప్పే కండరాల పట్టీ, అంటే రొటేటర్ కఫ్ సమస్య, 75.3 స్నాయువులో క్యాల్షియం పేరుకోవడం. భుజం జబ్బే గానీ ఏదో ఇంకా తేలకపోతే 75.9. కాబట్టి మొదటి డాక్టర్ మీ బాధను రాశారు, రెండో డాక్టర్ దాని కారణాన్ని రాశారు. ఇద్దరిలో ఎవరూ తప్పు రాయలేదు.

ఆ కారణం ఎలా తేలుతుందో చెబుతాను. మోచేతిని ఒంటికి ఆనించి, మడిచి, ముంజేతిని బయటివైపు తిప్పమంటాం. తర్వాత అదే పని మేం మా చేత్తో చేసి చూస్తాం. రొటేటర్ కఫ్ దెబ్బతింటే చాలామందికి సొంతంగా చెయ్యి లేవదు, కానీ మేం లేపితే లేస్తుంది. ఫ్రోజెన్ షోల్డర్‌లో మేం తిప్పినా తిరగదు, గోడకు తగిలినట్టు ఆగిపోతుంది. ఎక్స్-రే మాత్రం మామూలుగానే ఉంటుంది. షుగర్ ఉన్నవారిలో ఇది ఎక్కువగా కనిపిస్తుంది. వెనక్కి చెయ్యి పెట్టి హుక్స్ పెట్టుకోవడం కూడా కష్టమవుతుంటే, మీకున్నది అదే అనుకోవచ్చు.

మీ అబ్బాయి చెప్పిందీ నిజమే. 2015 అక్టోబర్ 1 నుంచి అమెరికాలో ఐసీడీ-10కి వాళ్లు మార్చుకున్న రూపం వాడుతున్నారు. అందులో చివరి అంకె 1 అయితే కుడి భుజం, 2 అయితే ఎడమ. మీ చీటీ మీద ఉన్న కోడ్ ఏ పక్కో చెప్పదు. అందుకే డాక్టర్ లెటర్‌లో, ఎక్స్-రే రిపోర్టులో, క్యాష్‌లెస్ కోసం పంపే ఫారంలో ‘ఎడమ’ అన్న మాట స్పష్టంగా ఉందో లేదో మీరే చూసుకోండి. ఒక కాగితంలో కుడి, ఇంకో కాగితంలో ఎడమ అని పడితే క్లెయిమ్ అక్కడే ఆగిపోతుంది.

ఇక కింద పడ్డానని రాయించుకోవడం. దయచేసి ఆ పని చేయకండి. దెబ్బలకు ‘ఎస్’తో మొదలయ్యే వేరే కోడ్‌లున్నాయి. ఐదు నెలల మీ కాగితాల్లో ఎక్కడా పడ్డ మాటే లేనప్పుడు, ఇప్పుడు ‘ఎస్’ వస్తే ఎప్పుడు పడ్డారు, ఎక్కడ చూపించారని అడుగుతారు. అబద్ధమని తేలితే ఈ క్లెయిమే కాదు, పాలసీ కూడా పోవచ్చు. నన్ను ఇంకా భయపెట్టేది వేరే ఉంది. రేపు మిమ్మల్ని చూసే డాక్టర్ ఆ కాగితం నమ్మి, లేని దెబ్బ కోసం వెతుకుతారు. చాలా పాలసీల్లో కీళ్ల జబ్బులకు వెయిటింగ్ పీరియడ్, అంటే క్లెయిమ్ ఇవ్వని కాలం ఉంటుంది, మొదటి నుంచీ ఉన్న షుగర్‌కూ ఉంటుంది. షుగర్ సంగతి దాచకుండా రాయించండి. ఆసుపత్రిలో చేరకముందే ఇన్సూరెన్స్ కంపెనీకి కోడ్ చెప్పి, మీ పాలసీలో వస్తుందో రాదో రాతపూర్వకంగా తెలుసుకోండి.

అసలు మత్తిచ్చి కదిలించడం ఇప్పుడే అవసరమా? నా అభిప్రాయం, తొందర వద్దు. ఫ్రోజెన్ షోల్డర్ మొదట నొప్పితో, తర్వాత బిగువుతో, ఆ తర్వాత మెల్లగా వదులవుతూ నడుస్తుంది. చాలామందిలో ఏడాది నుంచి మూడేళ్లు పడుతుంది. నొప్పి తగ్గే మందులు, కీలులో ఒక స్టెరాయిడ్ ఇంజెక్షన్, దాంతోపాటు ఫిజియోథెరపీ ముందు ప్రయత్నించాలి. ఆ ఇంజెక్షన్ తర్వాత కొన్ని రోజులు షుగర్ పెరుగుతుంది, రోజూ చూసుకోండి. ముందుకు వంగి చేతిని లోలకంలా వేలాడదీసి ఊపడం, వేళ్లతో గోడ మీద పాకించడం మంచివే. నొప్పి ఎక్కువగా ఉన్న ఈ దశలో మాత్రం ఎవరు చెప్పినా చేతిని బలవంతంగా లాగించుకోవద్దు. నెలల తరబడి ఇవన్నీ చేసినా కదలకపోతే అప్పుడు మత్తు సంగతి ఆలోచించవచ్చు. మీ వయసులో ఎముకలు పలచబడి ఉంటే, అలా కదిలించేటప్పుడు చేతి ఎముక విరిగే ప్రమాదం ఉంది. ఆ మాట డాక్టర్‌ని తప్పక అడగండి.

ఒక్క విషయంలో మాత్రం ఆలస్యం చేయకండి. నడిచినప్పుడు భుజం నొప్పి పెరుగుతున్నా, చెమటలు పట్టినా, ఆయాసం వచ్చినా అది భుజం సమస్య కాకపోవచ్చు. వెంటనే ఎమర్జెన్సీకి వెళ్లి ఈసీజీ తీయించుకోండి. అలాంటివేవీ లేకపోతే ఈ వారంలో హెచ్‌బీఏ1సీ (మూడు నెలల సగటు షుగర్), థైరాయిడ్ పరీక్షలు చేయించి, ఆ రిపోర్టులూ రెండు చీటీలూ పట్టుకుని ఆర్థోపెడిక్ డాక్టర్‌ని కలవండి.