వైద్యం ఉచితమైనా ఆయుష్షులో అంత తేడా ఎందుకు? – సమాధానం

"వైద్యం ఉచితమైన దేశంలోనూ పేదలు ముందే ఎందుకు చనిపోతున్నారు?" అన్నచోట మీ వ్యాసం ఆగిపోయిందని, ఎలా ముందుకు తీసుకెళ్లాలని అడిగారు. ఆగిపోవడానికి కారణం, మీరు ఆసుపత్రి నుంచి మొదలుపెట్టడం. జబ్బు అంతకంటే చాలా ముందే మొదలవుతుంది. ఈ వరసలో రాయండి:

1. దేశ సగటు పక్కనపెట్టి, ఒకే నగరం చుట్టుపక్కల పేటలను పోల్చండి. చాలామంది వదిలేసేది ఇదే. ఆరోగ్యం వెనకున్న సామాజిక కారణాలపై ప్రపంచ ఆరోగ్య సంస్థ వేసిన కమిషన్ 2008 నివేదికలో చూడండి: స్కాట్లాండ్‌లోని గ్లాస్గో నగరంలో పేదల పేట కాల్టన్‌లో మగవాళ్ల సగటు ఆయుష్షు 54 ఏళ్లు, కొద్ది మైళ్ల అవతల, ఉన్నవాళ్లుండే లెంజీలో 82. రెండుచోట్లా 1948 నుంచి వైద్యం ఉచితమే. తేడా 28 ఏళ్లు, అంటే కాల్టన్ మనిషి ఆయుష్షులో సగం!

2. ప్రతి జబ్బుకూ "దీని వెనక ఏముంది?" అని రెండుసార్లు అడగండి. పిల్లాడి ఉబ్బసం వెనక చెమ్మపట్టిన గోడ, ఆ గోడ వెనక ఇల్లు మారడానికి చాలని జీతం.

3. దేశాల పోలిక ఆ తర్వాతే. మధ్య అమెరికాలోని చిన్న దేశం కోస్టారికాలో తలసరి ఆదాయం అమెరికా (యు.ఎస్.) కంటే ఎంతో తక్కువ, ఆయుష్షు మాత్రం తక్కువ కాదు.