బొచ్చె తలలో మొప్ప మూత ఎముకలు: ఏది ఏదో ఎలా తేల్చాలి

మీరు అడిగింది క్లుప్తంగా ఇది: రెండు కిలోల బొచ్చె తల ఉడికించి ఎముకలు విడదీస్తే మొప్ప మూతలో ఎడమ వైపు నాలుగు రేకులు, కుడి వైపు మూడే దొరికాయి. వాటితోపాటు కొడవలిలా వంగిన పుల్లలు కొన్ని వచ్చాయి. పెద్ద రేకుని ఒక పుస్తకం ఆపర్క్యులమ్ అంటోంది, ఇంకొకటి ఆపర్కిల్ అంటోంది, మరొకటి ఆపర్క్యులర్ అంటోంది. పైగా వాలుగ తలలో రెండు వైపులా మూడే ఉన్నాయి. ఏది సరి? ఈ పేర్ల చరిత్ర ఏమిటి?

బొచ్చెకి వైపుకి నాలుగు. కుడి వైపున తగ్గింది దాదాపు ఖాయంగా ఇంటర్‌ఆపర్కిల్. అది కింది దవడకి అతుక్కుని వెళ్ళిపోయి ఉంటుంది, దవడ ముక్కల్లో వెతకండి. వాలుగలో మాత్రం ఏదీ పోలేదు, దానికి ఉన్నవే మూడు. ఆ సంగతి కింద చెబుతాను.

ముందు పేర్ల గొడవ. లాటిన్‌లో ఆపర్క్యులమ్ అంటే మూత. చేపలో ఆ మాట మొత్తం మొప్ప మూతకి చెందుతుంది: ఎముకలు, వాటి మీది చర్మం, అంచున ఉండే మెత్తని పొర, అన్నీ కలిపి. మన పాఠ్యపుస్తకాల్లో ఉపరికుల అన్నది దీన్నే. ఆ మూతలోని అతి పెద్ద ఎముక ఒక్కదాని పేరు ఆపర్కిల్. ఆపర్క్యులర్ అనేది విశేషణం. పాత పుస్తకాలు 'ఆపర్క్యులర్ ఎముక' అని మొదలుపెట్టి, పోను పోను 'ఎముక' అన్న మాట వదిలేశాయి, అంతే. ఎముకకి ఆపర్కిల్, మొత్తానికి ఆపర్క్యులమ్ అని విడిగా వాడటం అలవాటు చేసుకోండి. 'ఆపర్క్యులమ్ మీద ముల్లు ఉంది' అని రాస్తే అది ఏ ఎముక మీద ఉందో చదివేవాళ్ళకి తెలియదు. జాతిని గుర్తుపట్టేది చాలాసార్లు ఆ ముల్లు చూసే. నత్తగుల్ల నోటికి ఉండే బిళ్ళనీ ఆపర్క్యులమ్ అంటారు. దానికీ దీనికీ మూత అన్న అర్థం తప్ప ఇంకే సంబంధమూ లేదు.

మిగతా మూడు పేర్లూ ఆపర్కిల్‌కి ఎటు వైపు ఉన్నాయో చెబుతాయి. ప్రీఆపర్కిల్ ముందు, సబ్‌ఆపర్కిల్ కింద, ఇంటర్‌ఆపర్కిల్ మధ్యన. చిక్కంతా ఈ 'మధ్యన'తోనే. దేనికీ దేనికీ మధ్య అంటే, ప్రీఆపర్కిల్ కింది కొమ్ముకీ సబ్‌ఆపర్కిల్ ముందు కొసకీ నడుమ. పుస్తకాల బొమ్మల్లో అది అడుగున సన్నటి గీతలా మాత్రమే కనిపిస్తుంది, ఎందుకంటే సగానికి పైగా ప్రీఆపర్కిల్ లోపలి వైపున దాక్కుని ఉంటుంది. బొమ్మ చూసి వెతికితే అందుకే దొరకదు. స్థానం పేరు పెట్టడానికి పనికొస్తుంది. ఎముకని తేల్చడానికి మాత్రం అది దేనికి అతుక్కుని ఉందో చూడాలి.

ఆపర్కిల్‌తో మొదలుపెట్టండి. ఇది పెద్దగా, దాదాపు నలుపలకలుగా ఉండే రేకు. తిప్పి లోపలి వైపు చూస్తే ముందు-పై మూలలో గింజ పట్టేంత గుంట కనిపిస్తుంది. హయోమాండిబ్యులా అనే నిలువు ఎముక వెనక అంచున ఒక గుండ్రటి బొడిపె ఉంటుంది, అది ఈ గుంటలో కూర్చుంటుంది. మొప్ప మూత మొత్తం తిరిగే కీలు ఇదొక్కటే. గుంటకి పైన, ముందుకు పొడుచుకొచ్చిన చిన్న కొమ్ము ఉంటుంది. మూతని బయటికి తెరిచే డైలేటేటర్ కండరం పట్టుకునేది ఆ కొమ్మునే. బొచ్చె, రోహు లాంటి కార్పు జాతుల్లో ఇది స్పష్టంగా కనిపిస్తుంది. గుంట ఉన్న రేకు దొరికితే అది ఆపర్కిల్, ఇంకేమీ చూడక్కర్లేదు. కుడి ఎడమ తేల్చడం కూడా దీనితోనే: నునుపైన బయటి వైపు పైకి వచ్చేలా, గుంట ఉన్న మూల పైన ఉండేలా బల్ల మీద పెట్టండి. ఆ మూల మీ ఎడమ చేతి వైపు ఉంటే ఎడమ ఆపర్కిల్, కుడి చేతి వైపు ఉంటే కుడిది.

సబ్‌ఆపర్కిల్ పల్చగా, పొడుగ్గా, వంపుగా ఉంటుంది. దాని పై అంచు ఆపర్కిల్ కింది అంచుకి లోపలగా దూరి ఉంటుంది, అంటే బయటి నుంచి చూస్తే ఆపర్కిల్ దాన్ని కొంత కప్పేస్తుంది. ముందు కొసన పైకి లేచిన మొనదేలిన ముక్క ఒకటి ఉంటుంది. అది ఆపర్కిల్ ముందు-కింది మూలని ఆనుకుని నిలబడుతుంది. ఈ మొన చాలా పెళుసు, విడదీసేటప్పుడు ముందు విరిగేది అదే. అది విరిగిన సబ్‌ఆపర్కిల్‌ని పక్కటెముక ముక్క అనుకుని పారేయడం మామూలు.

ఇంటర్‌ఆపర్కిల్ ఒక వైపు వెడల్పుగా, ముందుకు వచ్చేకొద్దీ సన్నగా ఉంటుంది. ఆ సన్నటి కొస నుంచి గట్టి లిగమెంట్ (ఎముకలని కలిపే కట్టు) ఒకటి కింది దవడ వెనక కొసకి వెళుతుంది. వెనక వైపు మరో లిగమెంట్ దాన్ని సబ్‌ఆపర్కిల్‌కి కలుపుతుంది. ఉడికించిన తలలో వెనక కట్టు ముందు వదిలేసి ముందు కట్టు నిలిచిందనుకోండి, దవడ లాగగానే ఇంటర్‌ఆపర్కిల్ దానితోపాటే వచ్చేస్తుంది. మీకు కుడి వైపున జరిగింది ఇదే అయ్యుండాలి.

ప్రీఆపర్కిల్ నెలవంకలా వంగి ఉంటుంది. మిగతా మూడింటిలా ఇది ఊగదు. హయోమాండిబ్యులా, క్వాడ్రేట్ (కింది దవడ కీలుండే ఎముక) బయటి ముఖాలకి గట్టిగా అంటుకుని ఉంటుంది. నిజానికి పని పరంగా ఇది మూతలో భాగం కాదు, మూతకి ద్వారబంధం లాంటిది. దీన్ని పట్టుకునే తిరుగులేని గుర్తు: వంపు వెంబడి వరసగా సూదిమొనంత రంధ్రాలు. చేప ఒంటి పక్కన కనిపించే పార్శ్వరేఖ వ్యవస్థకి చెందిన కాలువ ఒకటి ఈ ఎముక లోపల నుంచి కింది దవడలోకి సాగుతుంది. రంధ్రాలు దానివే. మిగతా మూడు రేకుల్లో ఈ కాలువ ఉండదు.

ఇక కొడవలిలా వంగిన పుల్లలు. అవి బ్రాంకియోస్టీగల్ రేలు, మూత అడుగు పొరకి గొడుగు పుల్లల్లా పనిచేస్తాయి. కార్పు కుటుంబంలో వైపుకి మూడే. పైనున్నది బాగా వెడల్పు కాబట్టి దాన్ని సబ్‌ఆపర్కిల్ అని పొరబడతారు. తేడా మళ్ళీ అతుకులోనే ఉంది. రే మొదలు నాలుకని మోసే హయాయిడ్ కమాను మీద ఆనుతుంది, ఆపర్కిల్‌కి తగలదు. మీ దగ్గరున్న పుల్లలు రెండు వైపులా కలిపి ఆరు ఉండాలి. తక్కువైతే దుకాణంలో మొప్పలు లాగేటప్పుడు కత్తికి పోయాయన్నమాట.

ఈ అమరిక ఎందుకో తెలియాలంటే ఉడికించకముందు చేతితో చూడాల్సిందే. బిగుసుకోని తాజా చేప, లేదా బిగువు వదిలిన చేప తీసుకోండి. నోరు మూసి ఉంచి, ఆపర్కిల్ వెనక అంచుని వేలితో పైకి, వెనక్కి తోయండి. కింది దవడ దిగుతుంది. ఆపర్కిల్ తన కీలు మీద తిరిగి సబ్‌ఆపర్కిల్‌ని, అది ఇంటర్‌ఆపర్కిల్‌ని, అది లిగమెంట్ ద్వారా దవడ వెనక కొసని లాగడం వల్ల నోరు తెరుచుకుంటుంది. బతికున్న చేపలో ఈ తోపు ఇచ్చేది ఆపర్కిల్ పై అంచుకి పట్టిన లెవేటర్ కండరం. ఇప్పుడు ఇంటర్‌ఆపర్కిల్ ముందున్న లిగమెంట్‌ని సన్నటి బ్లేడుతో కోసి మళ్ళీ తోయండి. మూత కదులుతుంది, దవడ కదలదు. ఇంటర్‌ఆపర్కిల్ అంటే ఏమిటో ఏ బొమ్మా ఇంత బాగా చెప్పలేదు. దయచేసి ఇది ఒక్కసారైనా చేసి చూడండి.

వాలుగ సంగతి. సబ్‌ఆపర్కిల్ లేకపోవడం వాలుగ, జెల్ల, మార్పు చేపలు సహా పిల్లిచేపల వర్గమంతటికీ ఉన్న లక్షణం. వాటిలో ఇంటర్‌ఆపర్కిల్ నేరుగా ఆపర్కిల్‌కే కట్టి ఉంటుంది. మూడు ఉన్నాయి కదా అని వరసగా ప్రీ, ఆపర్కిల్, సబ్ అని పేర్లు పెట్టేస్తే తప్పు. దవడకి లిగమెంట్ వెళుతోంది కాబట్టి మూడోది ఇంటర్‌ఆపర్కిల్. ఇంతకన్నా పెద్ద ఉచ్చు చల్లటి దేశాల్లో దొరికే స్టర్జన్ చేపలో ఉంది: దాని మూతలో కనిపించే పెద్ద రేకు ఆపర్కిల్ కాదు, సబ్‌ఆపర్కిల్. ఆపర్కిల్ ఆ వంశంలో పోయింది. పెద్దది కదా అని పేరు ఇవ్వకూడదనడానికి ఇంతకు మించిన ఉదాహరణ లేదు. సొరచేపలకైతే మూతే లేదు, చీలికలు బయటికే తెరుచుకుంటాయి.

ఈ ఎముకల అంచులు జాతిని గుర్తుపట్టడంలో బాగా అక్కరకొస్తాయి. పండుగప్పలో ప్రీఆపర్కిల్ కింది అంచు రంపంలా ఉంటుంది, మూలన బలమైన ముల్లు. ఆపర్కిల్ మీద ఒక చిన్న ముల్లు వేరే ఉంటుంది. చేతులు కోసుకునేది చాలావరకు ప్రీఆపర్కిల్ మీద, అందుకే చేపని మూత కింద నుంచి పట్టుకోకండి. గ్రూపర్లలో ఆపర్కిల్ మీద మూడు చదునైన ముళ్ళుంటాయి. నేల మీద పాకే అనాబస్ చేపలో ఆపర్కిల్, సబ్‌ఆపర్కిల్ అంచులే ముళ్ళతో నిండి ఉంటాయి, మూతని విప్పి వాటిని నేలకి గుచ్చుకుంటూ ముందుకు సాగుతుంది.

చరిత్ర అడిగారు కాబట్టి: ఈ పేర్లు స్థిరపడటంలో ముఖ్యుడు ఫ్రెంచ్ శాస్త్రజ్ఞుడు జార్జ్ కువియే. ఆయన వాలెన్సియెన్‌తో కలిసి 1828 నుంచి వెలువరించిన చేపల గ్రంథ సంపుటాలు వాటిని అంతటా వ్యాపింపజేశాయి. అంతకు పదేళ్ళ ముందు, 1818లో, మరో ఫ్రెంచ్ శాస్త్రజ్ఞుడు జెఫ్రాయ్ సెయింట్ హిలేర్ ఈ నాలుగు ఎముకలూ మన చెవిలోని చిన్న ఎముకలకి సమానమని వాదించాడు. ఆ జతలు నిలవలేదు. 1837లో జర్మన్ శాస్త్రజ్ఞుడు రైకెర్ట్ మన చెవిలోని సుత్తి, పట్టెడ ఎముకలు దవడ కీలు ఎముకల నుంచి వచ్చాయని పిండాల్లో చూపించాడు. మూడోదైన అంకవన్నె ఎముక హయోమాండిబ్యులాకి సమానం. అంటే జెఫ్రాయ్ వెతికిన సంబంధం నిజంగానే ఉంది, కానీ మూత రేకుల్లో కాదు, అవి ఊగే కీలు ఎముకలో. నాలుగు కాళ్ళ జీవుల్లో మూత రేకులు క్రమంగా పోయాయి. చేపలకీ నాలుగు కాళ్ళ జీవులకీ నడిమి దశ అయిన, 2006లో వివరించిన టిక్టాలిక్ శిలాజంలో అప్పటికే ఆపర్కిల్ లేదు, తల మెడ మీద స్వేచ్ఛగా తిరగడానికి అదొక కారణం.

ఈసారి తల తెచ్చేటప్పుడు తల చీల్చొద్దని, మొప్పలు లాగొద్దని దుకాణంలో ముందే చెప్పండి. కిలోన్నర నుంచి రెండు కిలోల చేప సరిపోతుంది. అంతకన్నా చిన్నదైతే రేకులు కాగితంలా చిరుగుతాయి. పసుపు, చింతపండు తగలకముందే ఎముకలు తీయాలి. పసుపు రంగు ఎముకలోకి ఇంకితే ఇక వదలదు, పులుపుకి పల్చటి అంచులు మెత్తబడతాయి. పులుసులోంచి ఏరిన ఎముకలతో సబ్‌ఆపర్కిల్ మొన చూడాలనుకోవడం వృథా.

నీళ్ళు మరగనివ్వకండి. ఆవిరి లేచే వేడిలో, బుడగలు రాకుండా, తలని ఏడెనిమిది నిమిషాలు ఉంచి తీయండి. తెర్లితే అన్ని కట్లూ ఒకేసారి ఊడి రేకులు కలిసిపోతాయి, ఎడమ కుడి తెలియదు. చర్మం ఒలిచి, ముందు ఇంటర్‌ఆపర్కిల్ లిగమెంట్‌ని దవడ దగ్గర కోయండి. అప్పుడు ఆపర్కిల్, సబ్‌ఆపర్కిల్, ఇంటర్‌ఆపర్కిల్ మూడూ ఒకే తునకగా వస్తాయి. ఆపర్కిల్‌ని గుంట దగ్గర మెలితిప్పకండి, వేలితో వెనక్కి జరిపితే బొడిపె నుంచి జారుతుంది. ప్రీఆపర్కిల్ చివరికి. ఒక వైపు పూర్తిచేసి, వేరే పళ్ళెంలో పెట్టి, పెన్సిల్‌తో లోపలి ముఖాన గుర్తు రాశాకే రెండో వైపు ముట్టుకోండి.

మెత్తటి బ్రష్‌తో తోమి, గిన్నెలు తోమే ద్రవం రెండు చుక్కలు వేసిన గోరువెచ్చని నీళ్ళలో ఒకటి రెండు రోజులు నానబెడితే కొవ్వు పోతుంది. కొవ్వు మిగిలితే కొన్ని నెలలకి ఎముక పచ్చబడి వాసన వస్తుంది. తెల్లబరచాలంటే మందుల షాపులో దొరికే 6 శాతం హైడ్రోజన్ పెరాక్సైడ్‌కి అంతే నీళ్ళు కలిపి, రెండు మూడు గంటలు, మధ్యలో చూస్తూ ఉంచండి. బ్లీచింగ్ పౌడర్ వద్దు, అది ఎముకలోని ప్రోటీన్‌ని తినేసి సుద్దలా చేస్తుంది. ఎండలో ఆరబెడితే రేకులు వంకర పోతాయి. న్యూస్‌పేపర్ మడతల్లో, పైన తేలికైన పుస్తకం పెట్టి నీడలో ఆరనివ్వండి.

ఆరిన ఆపర్కిల్‌ని వెలుగుకి పట్టి చూస్తే వలయాలు కనిపించవచ్చు. చల్లటి ప్రాంతాల్లో వీటితో వయసు లెక్కిస్తారు. 1947లో లెక్రెన్ ఇంగ్లండ్‌లోని విండర్‌మియర్ సరస్సు పెర్చ్ చేపల మీద చేసిన పని ఇందులో ప్రసిద్ధం. కొల్లేరు చుట్టుపక్కల చెరువుల్లో పెరిగిన బొచ్చెలో మాత్రం ఆ వలయాలని ఏళ్ళుగా లెక్కపెట్టకండి. మేత ఆగినా, చెరువు మార్చినా పెరుగుదల కుంటుపడి గీత పడుతుంది. గుంట దగ్గర ఎముక మందమయ్యేకొద్దీ మొదటి వలయాలు కనుమరుగవుతాయి కూడా.

కుడి దవడ వెనక కొసన ఇంటర్‌ఆపర్కిల్ దొరికితే ఫోటో పెట్టండి. లోపలి ముఖం, బయటి ముఖం రెండూ కావాలి.